నాలుగు మార్కుల్లో పట్టని చరిత్ర

రెండు తెలుగు రాష్ట్రాల్లో సాంఘికశాస్త్రం పాఠ్యపుస్తకాలు రాసే పెద్దలకు, వాటిని సరిచూసే చరిత్ర అధ్యాపకులకు,

నమస్కారం.

నేను 31 ఏళ్లు హైస్కూల్లో సోషల్ చెప్పి రిటైరైన టీచర్ని. మొన్న మా మనవరాలు పరీక్షకు చదువుకుంటూ ఒక ప్రశ్న పైకి చదివింది. "బ్రిటిష్ పాలన వల్ల మన దేశానికి కలిగిన లాభనష్టాలు రాయండి." గైడులో జవాబు సిద్ధంగా ఉంది. ఒకవైపు రైళ్లు, తపాలా, టెలిగ్రాఫ్, ఇంగ్లీషు చదువు. ఇంకోవైపు సంపద తరలింపు, చేతివృత్తుల నాశనం, అధిక శిస్తు, కరువులు. నేను ఉద్యోగంలో చేరిన ఏడాది కూడా ఇదే ప్రశ్న, ఇదే జవాబు, ఇవే నాలుగు మార్కులు. అందుకే ఈ ఉత్తరం.

ఆ ప్రశ్నకు నేనూ అలాగే జవాబు చెప్పించాను. ఒక ఏడాది పేపర్లు దిద్దుతుంటే ఒక అమ్మాయి రైళ్లను రెండు వైపులా రాసింది. పొరపాటున రాసిందనుకున్నాను. నష్టాల కింద రాసినదాన్ని ఎర్రపెన్నుతో కొట్టేసి అర మార్కు తగ్గించాను. తను వచ్చి అడగలేదు. చాలా ఏళ్ల తర్వాత రైల్వేల చరిత్ర చదువుతున్నప్పుడు ఆ పేపరు గుర్తొచ్చింది. లండన్‌లో వాటాలు కొన్నవాళ్లకు 5 శాతం రాబడి ఖాయమని ప్రభుత్వం హామీ ఇచ్చింది. రైలుకు నష్టమొస్తే ఆ తేడా ఇక్కడి జనం కట్టే పన్నుల్లోంచి పోయేది. కరువు వచ్చినప్పుడు ఆ రైలే ధాన్యం మోసుకొచ్చింది. ధర ఎక్కడ ఎక్కువుంటే అక్కడికి ధాన్యాన్ని తరలించడానికి వ్యాపారికి ఉపయోగపడిందీ ఆ రైలే. ఆ పిల్ల ఏమనుకుని రాసిందో నాకు తెలియదు గానీ, రైలును ఒకే గడిలో పెట్టమని అడిగిన ప్రశ్నదే తప్పని అప్పుడు అర్థమైంది.

నాకిది పుస్తకాల్లోనే కాదు, నా రెండు ఇళ్లలోనూ కనిపించింది. మా పుట్టిల్లు కోనసీమ. మెట్టినిల్లు కర్నూలు జిల్లా పత్తికొండ వైపు.

మా పుట్టింట్లో దేవుడి గదిలో వెంకటేశ్వరస్వామి పక్కన గోదావరి మీద ధవళేశ్వరం ఆనకట్ట కట్టించిన ఇంగ్లీషు ఇంజనీరు కాటన్ దొర ఫొటో ఉండేది. మా నాన్నగారు పొద్దున్నే కాలవలో స్నానం చేసొచ్చి రెండింటికీ దండం పెట్టేవారు. మా వైపు ఇందులో వింతేమీ లేదు. మే 15న ఆయన పుట్టినరోజుకు విగ్రహాలకు దండలు వేస్తారు. అపర భగీరథుడంటారు. ఆ గౌరవం అబద్ధం కాదు. ధవళేశ్వరం ఆనకట్టకు ముందు మా ప్రాంతం ఎలా ఉండేదో లెక్కలున్నాయి. 1821లో రాజమండ్రి జిల్లా జనాభా ఏడు లక్షలు దాటి ఉండేది. 1841 నాటికి ఆరు లక్షల లోపుకు పడిపోయింది. మధ్యలో 1832–33లో నందన కరువు వచ్చింది. డొక్కల కరువని కూడా అంటారు. గుంటూరు వైపు ఐదు లక్షల మందిలో లక్షన్నర మంది పోయారని కొన్ని లెక్కలు, రెండు లక్షలని ఇంకొన్ని. అంత పెద్ద నది పక్కనే పారుతుండగా జనం తిండిలేక చచ్చిపోయారు. 1844లో మద్రాసు ప్రభుత్వ అధికారి హెన్రీ మాంట్‌గోమరీ ఈ జిల్లా దుస్థితి మీద రిపోర్టు ఇచ్చాడు. ఆ తర్వాతే కాటన్ ప్రతిపాదన కదిలింది. 1847లో పని మొదలై 1852కు పూర్తయింది. ఇవాళ గోదావరి డెల్టాలో సుమారు పది లక్షల ఎకరాలు తడుస్తున్నాయి.

పాఠం ఇక్కడ ఆగిపోతే కాటన్ మంచివాడు, కథ కంచికి. కానీ ఇంకో నాలుగడుగులు వేయాలి. అంతు తెలియని ఇసుకలో పునాది ఎలా నిలపాలో తాము కావేరి మీద చోళుల నాటి కల్లణై ఆనకట్ట చూసి నేర్చుకున్నామని కాటనే రాసుకున్నాడు. అంటే ధవళేశ్వరం పునాదిలో వందల ఏళ్ల కిందటి తమిళ పనివాళ్ల తెలివి ఉంది. వేలమంది కూలీలతో పని నడిపించడంలో కాటన్‌కు కుడిభుజంగా నిలిచిన వీణెం వీరన్న పేరు మా నాన్నగారికి తెలుసు, మా మనవరాలి పుస్తకానికి తెలియదు. ఇంకోటి. ఆనకట్టకు అనుమతి రావడానికి కాటన్ పైవాళ్లకు చూపించింది రైతు కన్నీళ్లు ఒక్కటే కాదు, శిస్తు ఎంత పెరుగుతుందో లెక్క. నీళ్లొస్తే సర్కారుకు ఇంత రాబడి అని రూపాయల్లో చూపించాకే ఈస్టిండియా కంపెనీ డబ్బు తీసింది. ఆయన మనసులో దయ ఉండొచ్చు. ఆ దయకు సంతకం పడాలంటే లాభం చూపించాల్సి వచ్చింది. ఒక ప్రభుత్వం ఎలాంటిదో పదో తరగతి పిల్లలకు చెప్పడానికి ఇంతకంటే మంచి ఉదాహరణ ఏముంటుంది?

పెళ్లయి మెట్టినింటికి వచ్చాక మా అత్తగారు వేరే చరిత్ర చెప్పారు. ఆమె 1952 కరువులో గంజి కేంద్రం ముందు గిన్నె పట్టుకుని నిలబడిన మనిషి. ఆమె చిన్నప్పుడు ఇంట్లో పెద్దవాళ్లు ధాత కరువు గురించి చెప్పేవారట. అన్నం పారేస్తే "ధాత కరువు చూసుంటే తెలిసేది" అని కసిరేవారట. ఆ ఇంట్లో ఫొటో లేదు. దండం పెట్టడానికి ఎవరూ లేరు.

ధాత కరువంటే 1876–78 కరువు. ఒక్క కర్నూలు జిల్లా సంగతి చూడండి. 1871 జనాభా లెక్కల్లో తొమ్మిది లక్షలు దాటి ఉన్న జిల్లా, 1881 నాటికి ఏడు లక్షల లోపుకు వచ్చింది. నలుగురిలో ఒకరు లేరు. చచ్చిపోయారు, లేదా ఊరొదిలి వెళ్లిపోయారు. అదే పదేళ్లలో గోదావరి జిల్లా జనాభా పెరిగింది. ఒకే మద్రాసు ప్రెసిడెన్సీ, ఒకే రాణి, ఒకే గవర్నరు. నా పుట్టింటికీ మెట్టినింటికీ మధ్య ఆ తేడా ఉంది. లాభనష్టాల పట్టికలో దీన్ని ఎక్కడ రాయాలి?

ఆ కరువులో ఏం జరిగిందో మీకు తెలుసు. పిల్లలకూ తెలియాలి కాబట్టి రాస్తున్నాను. 1877 జనవరి 1న ఢిల్లీలో వైస్రాయి లిట్టన్ దర్బారు పెట్టి విక్టోరియాను భారత సామ్రాజ్ఞిగా ప్రకటించాడు. అదే నెలలో ఖర్చు తగ్గించమని రిచర్డ్ టెంపుల్‌ను మద్రాసు పంపాడు. టెంపుల్ కరువు పనుల్లో మట్టి మోసే మనిషికి రోజుకు ఒక పౌను ధాన్యం, కాస్త చిల్లర చాలన్నాడు. పౌను అంటే అర కిలోకి తక్కువ. మద్రాసు ఆరోగ్య కమిషనర్ డాక్టర్ కార్నిష్ దీన్ని గట్టిగా ఎదిరించాడు. ఇంత తిండితో పనిచేసే మనిషి బతకడని లెక్కలు చూపించాడు. కొన్ని నెలలకు కూలి కొంచెం పెంచారు. ఇద్దరూ ఇంగ్లీషువాళ్లే, ఇద్దరూ ప్రభుత్వ ఉద్యోగులే. ఇంకో సంగతి చూస్తే కడుపు మండుతుంది. ఇదే టెంపుల్ మూడేళ్ల ముందు బీహార్ కరువులో బర్మా నుంచి బియ్యం తెప్పించి, ఆకలి చావులు దాదాపు లేకుండా చేశాడు. దానికి మెప్పు రాలేదు, దుబారా చేశాడని తిట్లు వచ్చాయి. ఎలా కాపాడాలో తెలియక కాదు. తెలిసిన మనిషే ఈసారి లెక్క తగ్గించాడు. ఆ కరువులో దక్షిణాదిన, పడమటన పోయినవాళ్లు సుమారు 55 లక్షలని ఒక అంచనా. అంతకంటే బాగా ఎక్కువని ఇంకొన్ని.

నేను అడిగేది ఇక్కడే మొదలవుతుంది. ఈ కరువు ఎందుకొచ్చిందని చరిత్రకారులు నూరేళ్లకు పైగా వాదించుకుంటున్నారు. మన పిల్లలకు ఆ వాదన వినిపించడం లేదు, తీర్పు ఒక్కటే వినిపిస్తున్నాం.

అప్పటి అధికారులు వాన లేకపోవడం, జనం ఎక్కువవడం కారణమన్నారు. 1880 కరువు కమిషన్ రిపోర్టు పనిలేక జనం కొనుక్కోలేకపోయారని ఒప్పుకుంది గానీ ధాన్యం వ్యాపారంలో సర్కారు వేలు పెట్టకూడదనే మాట మీదే నిలబడింది. రొమేశ్ చంద్ర దత్ దీన్ని తిరగేశాడు. ఆయన ఐసీఎస్ అధికారిగా పనిచేసినవాడు, లోపలి లెక్కలు తెలిసినవాడు. 1900లో వైస్రాయి కర్జన్‌కు బహిరంగ లేఖలు రాసి, శిస్తు బరువే రైతు చేతిలో గింజ మిగలకుండా చేసిందని వాదించాడు. ఒక లేఖ మన మద్రాసు ప్రెసిడెన్సీ మీదే. కర్జన్ ప్రభుత్వం 1902లో జవాబు ఇవ్వాల్సి వచ్చింది. నేనిప్పుడు మీకు బహిరంగ లేఖ రాస్తున్నానంటే ధైర్యం ఆయన దగ్గర తెచ్చుకున్నదే. దాదాభాయి నౌరోజీ ఏటా దేశం నుంచి తిరిగిరాకుండా పోతున్న సొమ్ము లెక్కగట్టాడు. వీళ్లిద్దరి దగ్గర్నుంచే మన గైడులో "సంపద తరలింపు" అనే రెండు మాటలు వచ్చాయి. వాళ్లు లెక్కలేసి, ఎదుటివాళ్ల లెక్కల్ని ఎదుర్కొని, జీవితాలు పెట్టి చేసిన వాదన మన దగ్గర పాయింటు నంబరు రెండుగా మిగిలింది.

ఆ తర్వాత వాదన ఆగలేదు. 1943 బెంగాల్ కరువును పరిశీలించి అమర్త్యసేన్, కరువంటే తిండి లేకపోవడం కంటే తిండి కొనుక్కునే శక్తి పోవడమని 1981లో చూపించాడు. నేను చదివినవాటిలో నన్ను ఎక్కువ కదిలించింది చరిత్రకారుడు డేవిడ్ ఆర్నాల్డ్ పని. ఆయన ధాత కరువునే తీసుకుని, ఆ రైతు ఏమనుకున్నాడు, ఏం చేశాడు అని అడిగాడు. వానల కోసం చేసిన పూజలు, వ్యాపారుల కొట్ల మీద పడి ధాన్యం దోచుకోవడం, దొరల మీదా షావుకార్ల మీదా పెట్టుకున్న ఆశలు, కోపాలు. అప్పటిదాకా చచ్చినవాళ్లు అంకెలు. ఆయన చేతిలో మనుషులయ్యారు. మా అత్తగారి కసురు మాటకు చరిత్రలో చోటుంటుందని అది చదివాకే తెలిసింది. మైక్ డేవిస్ అనే రచయిత 2001లో, పసిఫిక్ సముద్రం వేడెక్కి ఇక్కడ వానలు తగ్గించే ఎల్‌నినో వాతావరణాన్నీ, ప్రపంచ మార్కెట్టునూ, సామ్రాజ్య విధానాన్నీ కలిపి చూడాలన్నాడు. ఆర్థిక చరిత్రకారుడు తీర్థంకర్ రాయ్ దీనితో ఒప్పుకోడు. మెట్ట నేల, వాతావరణం, ప్రభుత్వం దగ్గర సమాచారమూ సాధనాలూ లేకపోవడం పెద్ద కారణాలనీ, పాలకుల దుర్మార్గం ఒక్కదానితో కరువును వివరించలేమనీ అంటాడు.

నా మనసు దత్ వైపు, ఆర్నాల్డ్ వైపు మొగ్గుతుంది. దాచుకోను. బీహార్‌లో కాపాడిన చెయ్యి మద్రాసులో వెనక్కి తగ్గిందని తెలిశాక వాన మీద నెపం వేయడం నాకు చేతకాదు. అయినా రాయ్ వాదన పిల్లల ముందు పెట్టాలనే అంటాను. దాన్ని ఎదుర్కోవాలంటే పిల్ల వర్షపాతం లెక్క చూడాలి, శిస్తు లెక్క చూడాలి, ధాన్యం ధరలు చూడాలి. అలా చూసిన పిల్ల తర్వాత జీవితంలో ఎవరేం చెప్పినా ఆధారం అడుగుతుంది.

కర్నూలులోనే ఇంకో ముక్క ఉంది, దేనికీ లొంగదు. తుంగభద్ర మీద సుంకేసుల దగ్గర మొదలయ్యే కర్నూలు–కడప కాలువ, మనం కేసీ కెనాల్ అనేది, కరువుకు ముందే తవ్వారు. కాటన్ ఆలోచనల్లోంచి పుట్టిందే. అయితే తవ్వింది లాభం కోసం పెట్టిన ఒక ప్రైవేటు కంపెనీ. దాని పది లక్షల పౌన్ల పెట్టుబడికి సర్కారు 5 శాతం గ్యారంటీ ఇచ్చింది. కాలువ పడింది గానీ కంపెనీ లెక్కలేసినంత మంది రైతులు నీళ్లకు డబ్బు కట్టి ముందుకు రాలేదు. మెట్ట పంటలకు అలవాటు పడ్డ నేల అది. చివరికి 1882లో ప్రభుత్వమే దాన్ని కొనాల్సి వచ్చింది. అదే కాటన్, అదే నీటి ఆలోచన, గోదావరి దగ్గర దేవుణ్ణి చేసింది, తుంగభద్ర దగ్గర దివాలా తీసింది. ఇవి రెండూ ఒకే పేజీలో ఉంటే పిల్లలు ఎన్ని ప్రశ్నలడుగుతారో ఊహించండి.

మా పత్తికొండలోనే 1827లో అప్పటి మద్రాసు గవర్నరు థామస్ మన్రో కలరాతో చనిపోయాడు. ఆయన పేరుమీద తోపు, బావి ఉన్నాయి. మా వైపు ఆయన్ని ఇప్పటికీ మంచి దొరగానే చెప్పుకుంటారు. దత్తమండలాలకు కలెక్టరుగా ఉండి వెళ్తూ, శిస్తు నాలుగో వంతు తగ్గించాలని 1807లో రాశాడు. పైవాళ్లు అప్పుడు ఒప్పుకోలేదు. ఒక మంచి దొర, ఆయన మాట వినని ఒక వ్యవస్థ. పిల్లలకు దొరల మంచీచెడ్డా చెప్తున్నాం గానీ నిర్ణయం ఎక్కడ జరుగుతుందో, ఎవరి కోసం జరుగుతుందో చెప్పడం లేదు. సామ్రాజ్యమంటే అసలు అదే కదా.

దత్తమండలమన్న మాట వచ్చింది కాబట్టి ఒకటి చెప్తాను. సినిమా వసూళ్లు చెప్పేటప్పుడు ఇవాళ్టికీ "నైజాం ఇంత, సీడెడ్ ఇంత" అంటారు. ఆ సీడెడ్ ఏమిటో క్లాసులో అడిగితే ఒక్కరూ చెప్పలేకపోయారు. 1800లో నిజాం తన దగ్గర ఉంచుకున్న కంపెనీ సైన్యం ఖర్చు కింద ఇచ్చేసిన జిల్లాలవి. ఇచ్చేసినవి కాబట్టి ఆ పేరు. అది నచ్చకే 1928లో నంద్యాల సభలో రాయలసీమ అని పేరు పెట్టుకున్నారు. పేరు మార్చుకున్నాం గానీ సినిమా పోస్టరు మీద పాతదే ఉంది. పిల్లలకు రోజూ వినపడే మాటలోనే రెండొందల ఏళ్ల చరిత్ర ఉంటే మనం పాఠాన్ని ప్లాసీ నుంచే ఎందుకు మొదలుపెట్టాలి?

తెలంగాణ పుస్తకాలు రాసేవారికి ఒక మాట. నిజాం రాజ్యంలో ఇంగ్లీషువాళ్లు నేరుగా పాలించలేదని ఒక వాక్యంలో దాటేయకండి. హైదరాబాదులో పామర్ కంపెనీ అనే ప్రైవేటు బ్యాంకు నిజాం సర్కారుకు భారీ వడ్డీకి అప్పులిచ్చింది. అవి తీర్చడానికి 1823లో ఏం చేశారంటే, కోస్తా సర్కారు జిల్లాల కోసం ఈస్టిండియా కంపెనీ నిజాంకు ఏటా కప్పంగా కట్టాల్సిన 7 లక్షల పేష్కష్‌ను నిజాం శాశ్వతంగా వదులుకునేలా చేసి, ఒకేసారి కోటీ 16 లక్షల పైచిలుకు రూపాయలిచ్చారు. ఒక బ్యాంకు బాకీ తీర్చడానికి ఒక తీరం మీద మిగిలిన హక్కు పోయింది. జెండా ఎగరేయకుండా రాజ్యం ఎలా నడుపుతారో చెప్పడానికి ప్రపంచంలో ఎక్కడెక్కడి ఉదాహరణలో వెతకక్కర్లేదు, కోఠిలో బ్రిటిష్ ప్రతినిధి ఉండిన రెసిడెన్సీ భవనం ముందు పిల్లల్ని నిలబెడితే చాలు.

ఇక ఎక్కువ బాధ పెట్టే విషయం. ఈ చరిత్ర రాసే హక్కు ఎవరికుండేది?

కంపెనీ సర్వే అధికారి కాలిన్ మెకంజీ పేరు మీరు పుస్తకంలో పెడతారు. ఊరూరా తిరిగి కైఫీయత్తులు, అంటే ఊళ్ల చరిత్ర రాసిన రికార్డులు, సేకరింపజేసింది ఆయనే. ఆ తిరిగిన కాళ్లు ఎవరివి? ఏలూరు నుంచి వచ్చిన కావలి సోదరులవి. బొర్రయ్య చిన్న వయసులోనే 1803లో పోయాడు. తమ్ముడు లక్ష్మయ్య పని కొనసాగించాడు. కరణాల దగ్గర కూర్చుని, గుడి గోడల మీది అక్షరాలు చదివి, చెరువు ఎవరు తవ్వించారో, మాన్యం ఎవరిచ్చారో రాయించారు. 1821లో మెకంజీ చనిపోయాక ఈ పనిని తానే ముందుకు తీసుకెళ్తానని లక్ష్మయ్య అడిగాడు. 1830ల్లో కలకత్తా ఏషియాటిక్ సొసైటీ తరఫున జేమ్స్ ప్రిన్సెప్ తిరస్కరించాడు. ఇంత పెద్ద పనికి లక్ష్మయ్యే కాదు, ఏ దేశీయుడూ సరిపోడన్నట్టు రాశాడు. ఆధారాలు పోగుచేయడానికి మనవాడు పనికొచ్చాడు, వాటి అర్థం చెప్పడానికి పనికిరాలేదు. చాలా ఏళ్ల కిందట ఇది చదివిన రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

బ్రిటిష్ రచయిత జేమ్స్ మిల్ సంగతి దీని పక్కన పెట్టి చూడండి. ఒక్కసారి కూడా ఈ దేశానికి రాకుండా 1817లో దీని చరిత్ర రాశాడు. హిందూ యుగం, ముస్లిం యుగం, బ్రిటిష్ యుగం అని దేశాన్ని కోసింది ఆయనే. మొదటి రెండింటికీ మతం పేరు పెట్టి, మూడోదానికి క్రైస్తవ యుగమని పెట్టలేదు. ఆ మూడు గదుల్లోనే నేను పాఠం చెప్పాను. బీఈడీలో కూడా నాకెవరూ చెప్పలేదు అది ఒక మనిషి గీసిన గీతని. మనవాళ్లకు చరిత్ర రాయడం తెలియదనే మాటను వెల్చేరు నారాయణరావు, డేవిడ్ షుల్మన్, సంజయ్ సుబ్రహ్మణ్యం కలిసి ఎదుర్కొన్నారు. 1757 బొబ్బిలి యుద్ధం మీద తెలుగులో వచ్చిన కథనాలను తీసుకుని, అవి తమదైన పద్ధతిలో రాసిన చరిత్రేనని వాదించారు. బొబ్బిలి కథ మన పిల్లలకు తెలుసు. దాని మీద ఇంత పెద్ద చర్చ జరిగిందని తెలియదు.

చర్చ నేర్పకపోతే ఏమవుతుందో ఫోన్లలో చూస్తున్నాం. 1835 ఫిబ్రవరి 2న మెకాలే బ్రిటిష్ పార్లమెంటులో "ఈ దేశమంతా తిరిగాను, ఒక్క బిచ్చగాణ్ణీ చూడలేదు" అన్నాడని ఒక ఫార్వర్డ్ మా టీచర్ల గ్రూపుల్లోనే ఏడాదికి నాలుగుసార్లు వస్తుంది. ఆ రోజు మెకాలే లండన్‌లో లేడు. 1834 నుంచి ఇండియాలోనే ఉన్నాడు. ఆ తేదీన ఆయన నిజంగా రాసింది చదువుల మీద మినిట్, అంటే ప్రభుత్వానికిచ్చిన అభిప్రాయ పత్రం. మంచి యూరప్ గ్రంథాలయంలో ఒక్క అర, ఇండియా, అరేబియాల సాహిత్యమంతటికీ సమానమన్నాడు. నిజంగా అన్నదే అంత అవమానంగా ఉంటే దొంగమాట ఎందుకు మనకు? అలాగే 45 ట్రిలియన్ డాలర్ల దోపిడీ అనే అంకె. అది ఆర్థికవేత్త ఉత్సా పట్నాయక్ లెక్క. 1765 నుంచి 1938 దాకా తరలిపోయిన సొమ్ముకు 5 శాతం చక్రవడ్డీ కలిపితే వచ్చింది. లెక్క ఎలా వేశారో తెలిసిన పిల్ల దాన్ని సమర్థించగలదు, ప్రశ్నించగలదు. అంకె ఒక్కటే తెలిసిన పిల్ల అరవగలదు అంతే. సామ్రాజ్యం చేసిన మేలు గురించి ఎవరో ఇంకో వీడియో పంపితే అటూ తిరగగలదు.

గోదావరి ఎగువన కొండల్లో ఉన్నవాళ్లకు ఆనకట్ట దేవుడు ఎప్పుడూ లేడు. కింద డెల్టా పచ్చబడుతున్న రోజుల్లోనే, 1879లో, కల్లు మీద పన్నుకూ అక్కడి పెత్తందారైన మన్సబుదారు వసూళ్లకూ కోర్టుల్లో షావుకార్ల చేతిలో పడ్డ మోసాలకూ విసిగి రంప పితూరీ లేచింది. అల్లూరి సీతారామరాజు దగ్గర మొదలుపెట్టి ముగించే పాఠంలో ఆయనకు 40 ఏళ్ల ముందటి కారం తమ్మన్నదొర పేరు రావాలి. డెల్టాలో కూడా అందరికీ పొలం లేదు. కోరంగి, కాకినాడ రేవుల నుంచి ఓడలెక్కి రంగూన్ వెళ్లిన కూలీలు ఎందుకు వెళ్లారు? బర్మాలో తెలుగువాళ్లకు కోరంగీలనే పేరు పడిపోయిందంటే ఎంతమంది వెళ్లుంటారు? ఈ ప్రశ్న నేను మా పుట్టింటివాళ్లనే అడగాలి. కాటన్ ఫొటో ఉన్న ఇల్లు నీళ్లందిన పొలం ఉన్న ఇల్లు. ఆ పొలంలో నాట్లు వేసినవాళ్ల ఇంట్లో ఎవరి ఫొటో ఉండేదో నేనెప్పుడూ చూడలేదు, అడగలేదు.

కాటన్ విగ్రహాలు తీసేయమని నేను అనడం లేదు. మా నాన్నగారి దండం నాకు పవిత్రం. ఇంగ్లీషువాళ్లను తిట్టే పేజీలు పెంచమనీ అడగడం లేదు. మీరు పుస్తకాలు కొంత మార్చారని, ఆలోచించమనే ప్రశ్నలు పెట్టారని నాకు తెలుసు. సంతోషం. కానీ పరీక్షలో ఆ లాభనష్టాల ప్రశ్న ఉన్నంతకాలం టీచరు ఆ పేజీలు దాటేసి గైడే చెప్తాడు. నేనూ అదే చేశాను. సిలబస్ టెన్షన్‌లో ఇంకో దారి లేదు. ఆ పట్టిక మనం కనిపెట్టింది కూడా కాదు. భారతదేశపు నైతిక, భౌతిక పురోగతి అని బ్రిటిష్ ప్రభుత్వం ఏటా పార్లమెంటుకు ఒక నివేదిక ఇచ్చేది. ఎన్ని మైళ్ల రైలు, ఎన్ని బడులు, ఎంత శిస్తు. తమ పాలనకు తామే వేసుకున్న మార్కులవి. వాళ్ల ఆ లెక్కల పద్ధతికే మనం నష్టాల గడి ఒకటి కలిపి, స్వతంత్ర భారతదేశపు పిల్లలకు పరీక్ష పెడుతున్నాం.

కాబట్టి నా విన్నపం చిన్నదే. ఆ ఒక్క ప్రశ్న తీసేయండి. దాని చోట 1877కు సంబంధించిన ఒక పేజీ పెట్టండి. ఒక పక్క టెంపుల్ కూలి లెక్క, ఇంకో పక్క కార్నిష్ అభ్యంతరం, కింద కర్నూలు, గోదావరి జిల్లాల జనాభా 1871లో ఎంత, 1881లో ఎంత. వాటి కింద దత్ ఏమన్నాడో, రాయ్ ఏమన్నాడో రెండేసి వాక్యాల్లో. ఎవరి మాట నీకు సరైనదనిపించింది, ఏ ఆధారంతో అని అడగండి. ఏ వైపు రాసినా ఆధారం చూపిస్తే పూర్తి మార్కులివ్వమని దిద్దేవాళ్లకు రాతపూర్వకంగా చెప్పండి. ఈ చివరి మాట ముఖ్యం. అది లేకపోతే నాలాంటి ఇంకో టీచరు ఎర్రపెన్ను తీస్తుంది. కైఫీయత్తుల్లోంచి ఒక్కో జిల్లాకు ఒక్కోటి అరపేజీ వేయండి. కడప జిల్లావి పుస్తకాలుగా అచ్చయ్యే ఉన్నాయి. దాని కింద మెకంజీ పేరుతో పాటు కావలి లక్ష్మయ్య పేరు వేయండి.

కోనసీమ ఇంట్లోని ఫొటో, మా అత్తగారు గంజి పోయించుకున్న ఇత్తడి గిన్నె ఇప్పుడు రెండూ నా దగ్గరే ఉన్నాయి. మీ సమావేశానికి పిలిస్తే తీసుకొస్తాను.

ఇట్లు,
రిటైరైన ఒక సోషల్ టీచరు